కొంబా చావుకు నవ్వాల్సినవాడు

ఆదివారం పదకొండింటికి మోగాల్సిన ఫోన్ బుధవారం పొద్దున్నే మోగింది. శక్కర్‌నగర్‌లో ఇంటి అరుగు మీద కూర్చుని చాయ్‌లో బిస్కెట్ ముంచుతున్న భోజన్న, తెర మీద నీమా పేరు చూడగానే బిస్కెట్ సంగతి మరిచాడు. అది కరిగి అడుక్కు పోయింది.

కొంబా కూతురు నీమా ఉండేది టాంజానియాలో, మాట్లాడేది స్వాహిలీ. డెబ్బై ఒక్కేళ్ల భోజన్న చెవిలో పడేసరికి మాత్రం అది అచ్చం బోధన్ మాటైపోతుంది. అందుకని నేనూ అట్లాగే చెబుతాను, తప్పు పట్టకండి.

"భోజ బాపూ, మా బాపు పోయిండు" అంది నీమా. "రాత్రే. రేపు పగటీలి పన్నెండు గంటలకు మట్టి. మీకు రెండున్నర అయితది."

భోజన్న చాయ్ గ్లాసును అరుగు మీద పెట్టాడు.

"బాపు ఒక్క మాట సెప్పి పోయిండు. 'బోధన్‌ల నా ఉతానీ దోస్తు ఉన్నడు. వాడు అందర్ని నవ్వించినంకనే నా మీద మట్టి పొయ్యుండ్రి' అన్నడు. నవ్విస్తవు గద, బాపూ?"

"నవ్విస్త" అన్నాడు భోజన్న. అన్నాక ఫోన్ పెట్టేసి, తాను ఏం ఒప్పుకున్నాడో అప్పుడు తెలిసి, గోడకు తల ఆనించాడు.

ఉతానీ అంటే ఏమిటో చెప్పకపోతే ఈ కథ అడుగు కదలదు. మన దగ్గర బావా బామ్మర్దులకు ఎకసెక్కాల వరస ఉన్నట్టే, ఆ దేశంలో కొన్ని తెగల మధ్య ఒక వరస ఉంది. ఒకప్పుడు కత్తులు దూసుకుని, తర్వాత కలిసి తిని, ఇక మన మధ్య కోపం లేదు అనుకున్నవాళ్లు పెట్టుకున్న వరస అది. ఉతానీ ఉన్నవాడు నీ కోడిని పట్టుకుపోతాడు, నీ టోపీ లాక్కుంటాడు, మీ తాతను గాడిద అంటాడు. నీకు కోపం రాకూడదు. ఇక ఇంట్లో చావు జరిగితే అసలు పని అతనిదే. అందరూ ఏడుస్తుంటే వచ్చి, శవం ముందు నిలబడి, పోయినవాణ్ణి పేరు పెట్టి తిట్టి, ఏడ్చేవాళ్లను నవ్వించాలి. అది కొంటెతనం కాదు, బాధ్యత. అతను నవ్వించకపోతే ఆ ఇల్లు దుఃఖంలోంచి లేచి నిలబడదు.

సరే, బోధన్ భోజన్నకు టాంజానియా కొంబాతో వరస ఎట్లా కుదిరింది? కొట్లాటతోనే కుదిరింది.

ఎనభై నాలుగులో బోధన్ ఫ్యాక్టరీ నుంచి ఆరుగురు పాన్‌మన్లను ఆ దేశపు సర్కారు చక్కెర ఫ్యాక్టరీకి పంపారు. చెరుకు రసాన్ని పాన్ అనే పెద్ద ఇనుప బానలో ఉడికించి, సరైన క్షణంలో చక్కెర గింజ కట్టించేవాడే పాన్‌మన్. పాకాన్ని బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య తీగ లాగి చూసి చెప్పేస్తాడు, కట్టిందా లేదా అని. ముప్పై ఏళ్ల భోజన్నకు ఆ విద్య ఉంది, దాంతోపాటు పొగరూ ఉంది. బోధన్‌లో పని నేర్చుకున్నవాడికి ఆ రోజుల్లో పొగరు ఉండకపోతేనే వింత.

ఆ దేశానికి స్వాతంత్ర్యం వచ్చి అప్పటికి ఇరవై మూడేళ్లు. ఏలే పెద్దాయన పూర్వం బడిపంతులు, అందుకే దేశమంతా ఆయన్ని మ్వాలిము అని పిలిచేది, అంటే పంతులు. ఫ్యాక్టరీలు, బ్యాంకులు, తోటలు ప్రజలవే అన్నాడాయన. అందరూ ఒక కుటుంబంలా కలిసి దున్నాలన్నాడు. చెల్లాచెదురుగా ఉన్న గుడిసెల జనాన్ని లారీలెక్కించి కొత్త ఊళ్లలో దింపారు, దిగనన్నవాళ్ల గుడిసెలు కొన్నిచోట్ల కాల్చారు కూడా. మంచీ జరిగింది. ఊరూరా బడి వచ్చింది, కొంబా తల్లి యాభై ఏళ్ల వయసులో పలక పట్టి తన పేరు రాసుకుంది. కానీ పక్కదేశంతో యుద్ధం ఖజానాను ఊడ్చేసింది, చమురు ధర నడుము విరిచింది. భోజన్న దిగేసరికి అంగళ్లలో అరలు ఖాళీ. సబ్బుకు లైను, కిరసనాయిలుకు లైను. చక్కెర ఫ్యాక్టరీ గేటు బయట చక్కెరకు కూడా లైనే. ఇంట్లో ఈగల మోత, బయట పల్లకీల మోత అని మనవాళ్లు ఊరికే అనలేదు.

మొదటి రోజే భోజన్న పాన్ మూతను విప్పించాడు. లోపల రబ్బరు రింగు ఉండాల్సిన చోట లారీ టైరు కోసి చేసిన ముక్క కనిపించింది. "ఏ గాడిద చేసిన పని ఇది?" అని హిందీలో అరిచి, దాన్ని పీకి మురికికాలవలో పారేశాడు. ఆ గాడిద పక్కనే నిలబడి ఉన్నాడు. పేరు కొంబా, వయసు భోజన్నకన్నా ఒక్క ఏడు ఎక్కువ. రింగు విదేశం నుంచి రావాలి, విదేశీ డబ్బు దేశంలో లేదు, మూడేళ్లుగా ఆ పాన్ నడిచింది కొంబా చేతి టైరు ముక్కతోనే. ఈ సంగతి భోజన్నకు మాటల్లో తెలియలేదు, చెంప మీద తెలిసింది. భోజన్నేం తక్కువ తిన్నాడా, కాలర్ పట్టుకున్నాడు. ఇద్దరూ బెల్లపు మడ్డిలో పడి దొర్లారు.

పాన్ రెండు రోజులు ఆగిపోయింది. ఆ రెండు రోజులూ ఇద్దరూ పక్కపక్కన కూర్చుని, ఒకడు టైరు పట్టుకుంటే ఒకడు కోస్తూ, కొత్త ముక్క తయారుచేశారు. మూడో రోజు పాన్ నడిచింది. ఆకలికి ఓర్వలేక ఒకే పళ్లెంలో మక్కపిండి సంకటి తిన్నారు. ముసలి కాపలావాడు అది చూసి, "కొట్లాడిండ్రు, ఒక్క పల్లెంల తిన్నరు. ఇగ మీరు ఉతానీ" అని తీర్పు చెప్పేశాడు.

అప్పటినుంచి చూడాలి వాళ్ల వరస!

"మీ ఇండియావోళ్లు దుకాన్లు పెట్టి మాకు ఉప్పు అమ్మిండ్రు. ఇప్పుడు మా సెరుకుతోని మాకే సక్కెర సేసి అమ్మనీకె వస్తివా?" అనేవాడు కొంబా.

"గా దుకాన్లోళ్లు గుజరాతోళ్లురా. నేను బోధనోన్ని!"

"దొంగకు ఊరేందిరా? ఏ ఊరైతేంది?"

"నువ్వు స్వరాజ్యం తెచ్చుకొని సబ్బుకు లైన్ కట్టినవ్. నువ్వు నాకు సెప్తవా?"

ఎనభై అయిదులో పంతులు తనంతట తాను గద్దె దిగాడు. ఎవరూ దింపకుండా దిగడం అంటే ఏమిటో భోజన్నకు అర్థం కాక, కొంబాను నాలుగుసార్లు అడిగాడు. ఆ తర్వాత అప్పులిచ్చే పెద్దలు షరతుల కట్టతో వచ్చారు. అంగళ్లు నిండాయి, తెల్లదొరల దేశాల పాతబట్టలు మూటలు మూటలుగా దిగాయి, బడికి మళ్లీ ఫీజు వచ్చింది. "అప్పుడు పైసలుండె, సబ్బు లేకుండె. ఇప్పుడు సబ్బున్నది, పైసల్లేవు. ఎట్లన్న సేసి మమ్ముల కంపుగనే ఉంచుతరు" అని కొంబా అంటే పాన్‌హౌస్ అంతా పడీ పడీ నవ్వింది.

ఇంత నవ్విన భోజన్న నవ్వించాల్సిన ఒక్క రోజు నవ్వించలేదు. అదే ఆయన గుండెలో విరిగిన ముల్లు.

ఎనభై ఏడులో కొంబా తల్లి చనిపోయింది. భోజన్న స్నానం చేసి, భుజం మీద తువ్వాల వేసుకుని, మన బోధన్‌లో పెద్దమనిషి చావుకు ఎట్లా పోతారో అట్లా పోయాడు. శవం ముందు చేతులు కట్టుకుని నిలబడ్డాడు. కొంబా తలెత్తి చూశాడు. అక్కడున్నవాళ్లంతా చూశారు. ఇప్పుడు తిడతాడు, ఇప్పుడు నవ్విస్తాడని ఎదురుచూశారు. భోజన్నకు తెలుసు, చెయ్యాల్సిన పని తెలుసు, నోరు మాత్రం పెగల్లేదు. పోయిన తల్లిని ఎట్లా తిట్టను? కళ్లు పోతాయి, పాపం! ఒంగి ఆమె పాదాలకు దండం పెట్టి బోరున ఏడ్చాడు. ఆయన లెక్కలో అంతకన్నా పెద్ద మర్యాద లేదు. వాళ్ల లెక్కలో అంతకన్నా పెద్ద తప్పు లేదు.

కొంబా నెల రోజులు మాట్లాడలేదు. మాట్లాడిన రోజున ఒక్కటే అన్నాడు. "ఏడ్సెటోళ్లు నాకు నూరు మంది ఉండిరి. లేపెటోడు నువ్వొక్కనివే. నువ్వు సుత ఏడిస్తివి."

తొంభైలో భోజన్న తిరిగొచ్చాడు. కొన్నాళ్లు ఉత్తరాలు నడిచి ఆగిపోయాయి. తొంభై ఎనిమిదిలో అక్కడి ఫ్యాక్టరీని అమ్మారు, మరో నాలుగేళ్లకు ఇక్కడి ఫ్యాక్టరీ సర్కారు చేతి నుంచి జారింది. రెండు వేల పదిహేనులో బోధన్ గేటుకు తాళం పడింది. ఆ సంగతులు ఒకరివి ఒకరికి తెలియడానికి మాత్రం చాలా ఏళ్లు పట్టింది. మూడేళ్ల కింద కోడలు త్రివేణి మామగారి పాత ఫోటో ఒకటి ఫేస్‌బుక్‌లో పెడితే, దాన్ని పట్టుకుని నీమా వెతుక్కుంటూ వచ్చింది. ఆ తొలి ఆదివారం తెర మీద కొంబా ముఖం చూసి భోజన్న చిన్నపిల్లాడిలా ఏడ్చాడు.

"మా ఫ్యాక్టరీ అమ్మినా నడుస్తున్నదిరా. మీది?" అన్నాడు కొంబా, పలకరింపుగా.

"మాది రెస్టు తీస్కుంటున్నది" అన్నాడు భోజన్న.

నూట యాభై ఆదివారాలు మాట్లాడుకున్నారు. భోజన్న నిజామాబాద్ పోయి పాస్‌పోర్టు కూడా చేయించుకున్నాడు. ఒక ఏడు మోకాలి ఆపరేషన్ అడ్డొచ్చింది. ఒక ఏడు మనుమరాలి పెళ్లి. ఒక ఏడు ఊరికే, రేపు రేపు అనుకుంటూ గడిచిపోయింది. ఆ ఎర్రమట్టి బాట మీద కొంబా పక్కన ఒక్క పొద్దు నడిస్తే చాలని ప్రాణం కొట్టుకుపోయేది. బోధన్‌లో పుట్టి, బోధన్‌లో ఉండి, ఆయన ఇంకెక్కడికో ఇంటికి పోవాలని తపించేవాడు. అది ఎవరికి చెబితే అర్థమవుతుంది?

అసలు కథ ఇక్కడికి వచ్చింది. రేపు రెండున్నరకు నవ్వించాలి. నవ్వించకపోతే తల్లి దగ్గర చేసిన తప్పు కొడుకు దగ్గరా చేసినట్టే, ఇక దిద్దుకోవడానికి మనిషే లేడు.

భార్య సాయవ్వకు చెబితే ఆమె చేతిలోని చేట కింద పెట్టేసింది.

"ఏందయ్యా, సచ్చినోని ముంగట నగుతవా? నీకు మతి గిట్ల పోయిందా? రేపు నీ సావుకు మంది నగుతె నాకెట్లుంటది?"

"గది వాళ్ల రివాజే, సాయవ్వా."

"వాళ్ల రివాజు వాళ్లు సేసుకుంటరు. నువ్వు రెండు కన్నీటి సుక్కలు ఇడువు. సాలు."

"గదే సేసిన ఒకపారి" అన్నాడు భోజన్న. "మూడిర్వైల ఏండ్ల పాపం లెక్క మోస్తున్న."

మూడు ఇరవైలు అరవై. ముప్పై ఎనిమిదేళ్లను అరవై చేశాడు ముసలాయన. దుఃఖంలో లెక్క ఎవరికి నిలుస్తుంది లెండి.

ఆ రోజంతా భోజన్న మాటలు వెతుక్కున్నాడు. ఆదివారం మాట్లాడుకునే స్వాహిలీ వేరు, నలుగురి ముందు తిట్టే స్వాహిలీ వేరు. ఫ్యాక్టరీ ప్రహరీ పక్కన చాయ్ హోటల్‌కు పోయి నర్సన్న పక్కన కూర్చున్నాడు. నర్సన్న అప్పటి ఆరుగురిలో ఒకడు, మిగిలిన ఇద్దరిలో రెండోవాడు.

"కొంబా పోయిండు, నర్సన్నా. నన్ను నవ్వియ్యమన్నరు."

నర్సన్న చాలాసేపు గ్లాసు తిప్పాడు. "ఆడు సంకటి తినేటప్పుడు నీ బుక్క సుత ఆడే తినేటోడు. గది సెప్పు."

"అది అందరికీ తెల్సు."

"ఆని ఈత యాదున్నదా? మొసలిని సూసి సెట్టెక్కిండు. తీర సూస్తె కొయ్య!"

ఇద్దరూ నవ్వారు. నవ్వుతూ నవ్వుతూనే నర్సన్న తువ్వాల ముఖానికి అడ్డం పెట్టుకున్నాడు. అది చూసి భోజన్నకు ఉన్న కాస్త ధైర్యమూ జారిపోయింది. ప్రహరీ అవతల బూడిదరంగు పొగగొట్టం నిలబడి ఉంది, పొగ లేదు. నవంబరు వస్తే ఈ దారంతా చెరుకు బండ్లతో నిండి, ఊరంతా పాకం వాసన వేసేది. ఇదే వాసన అక్కడా వేసేది. భోజన్నకు ఆ వాసన కావాలనిపించింది, కొంబా కావాలనిపించింది, ముప్పై ఏళ్ల వయసు కావాలనిపించింది. ఏదీ దొరికేది కాదు. రెండో చాయ్ తాగి ఇంటికి వచ్చాడు.

గురువారం రెండు గంటలకల్లా త్రివేణి ఫోన్‌ను డబ్బాకు ఆనించి నిలబెట్టింది. భోజన్న తెల్ల అంగీ వేసుకుని కుర్చీలో కూర్చున్నాడు. సాయవ్వ కోపంగానే వచ్చి, కాస్త ఎడంగా గడప మీద కూర్చుంది.

తెర వెలిగింది. ఎర్రమట్టి. మామిడిచెట్ల కింద రెండు మూడు వందల మంది. తవ్విన గుంత, పక్కన పెట్టె. పాదిరి ప్రార్థన ముగించి పక్కకు తప్పుకున్నాడు. నీమా ఫోన్‌ను మైకు దగ్గర పెట్టి, "బాపు ఉతానీ దోస్తు, బోధన్‌కెల్లి" అని చెప్పింది. అందరి ముఖాలూ ఇటు తిరిగాయి.

భోజన్న చేతులు వాటంతట అవే జోడించుకున్నాయి. పెట్టె తప్ప ఇంకేమీ కనిపించడం లేదు. కుర్చీలోంచి లేచి దండం పెట్టి ఏడవాలనిపించింది, అంత సుఖం ఇంకోటి లేదనిపించింది. అవతల ఒక ముసలామె, కొంబా భార్య, తల వంచుకుని ఏడుస్తోంది. ఆమెను లేపేవాళ్లు లేరు.

"మామా" అంది త్రివేణి మెల్లగా. "వాళ్లు సూస్తున్నరు."

భోజన్న జోడించిన చేతులు విడదీశాడు. విడదీసి, కుర్చీ చేతుల మీద గట్టిగా కొట్టాడు.

"ఓయ్ కొంబా! లే!"

అక్కడ ఎవరో ఉలిక్కిపడ్డారు.

"సర్కారు నిన్ను లారీ ఎక్కిచ్చి కొత్తూర్ల దింపితే, మూడుమాట్ల పాత సేనుకు ఉరికొస్తివి. పత్తి పెట్టమంటే మక్క పెడితివి. ఫ్యాక్టరీ అమ్మినం, ఇంటికి పో అంటే మూడు నెల్లు గేటు కాడ్నే కూసుంటివి. మ్వాలిము మాట ఇనకపోతివి, అప్పులిచ్చినోళ్ల మాట ఇనకపోతివి, కట్టుకున్నదాని మాట అసలుకే ఇనకపోతివి! పుట్టినకాంచి ఎవ్వడు పెట్టిన తావుల ఉండనోనివి, ఇయ్యాల నలుగురు లేపి పెట్టెల పెడితే సప్పుడు సేయకుండ పంటవారా? సిగ్గుందా నీకు?"

మామిడిచెట్ల కింద ఒక నవ్వు పేలింది. వెనకాల మరొకటి.

"ఓ పెట్టె మోసిన పోరగాండ్లూ! మేకులు గట్టిగ కొట్టుండ్రి. లేకుంటే పొద్దుమీకేసరికి మక్కసేన్ల కనవడ్తడు!"

ఇక ఆగలేదు. ముసలివాళ్లు కర్రలు నేలకేసి కొడుతూ నవ్వారు, ఆడవాళ్లు ఒకరి భుజాల మీద ఒకరు పడి నవ్వారు. కొంబా భార్య తలెత్తింది. కన్నీళ్లు కారుతూనే ఉన్నాయి, ఆమె ఫోన్ వైపు వేలు చూపించి, "అబద్ధం! నా మాట ఒక్కపారి విన్నడు!" అని అరిచింది. దానికి ఇంకా నవ్వారు. ఆ నవ్వులోనే పెట్టెను దించారు, ఆ నవ్వులోనే మట్టి పడింది.

గడప మీద సాయవ్వకు ఒక్క ముక్క అర్థం కాలేదు. కానీ తెర మీద ఆ ముసలామె తలెత్తడం చూసింది. చూసి, కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

జనం కదలడం మొదలయ్యాక నీమా ఫోన్ తీసుకుని చెట్టు పక్కకు వచ్చింది.

"మంచిగ సేసినవ్, బాపూ."

భోజన్న అప్పుడు కుంగిపోయాడు. తిట్టినంతసేపూ కొంబా ఎక్కడో వింటున్నట్టే ఉంది. ఇప్పుడు వినేవాడు లేడు.

"నీమా, మీ బాపు పని అయిపోయింది" అన్నాడు. "నేను పోయిన్నాడు నన్ను తిట్టెటోడు ఎవడున్నడు బిడ్డా? నా దిక్కు అందరు ఏడ్సెటోళ్లే. ఒక్కడు లేడు."

నీమా ముక్కు తుడుచుకుంది. మూడేళ్లుగా ఆ అమ్మాయి, తల వంచి పెద్దలకు చెప్పే నమస్కారం చెప్పకుండా ఆయనతో ఒక్క ఆదివారమూ మాట మొదలుపెట్టింది లేదు. ఇప్పుడు ఫోన్‌ను ముఖానికి దగ్గరగా తెచ్చుకుంది.

"ఓయ్ ముసలోడా!" అంది.

భోజన్న తలెత్తాడు.

"మూడేండ్ల సంది వస్త వస్త అనుకుంట పాస్‌పోర్టు దిండు కింద పెట్టుకొని పన్నవ్. మా బాపు సావుకు ఇమానం పైసలు మిగిలిచ్చుకొని ఫోన్లకెల్లి నగుతవా, పీనాసోడా? నువ్వు సావు, నేనొస్త. మీ బోధనోళ్లంతా లబలబ మొత్తుకుంటుంటే, నీ ముంగట నిలవడి నీ బండారమంత బయట పెడ్త. మీ ఊరోళ్లు కడుపులు పట్టుకొని నగాలె. ఇనవడ్డదా?"

ఉతానీ వరస తండ్రితో పోదు, పిల్లలకు దిగుతుంది. ఆ సంగతి భోజన్నకు నలభై ఏళ్లుగా తెలుసు. తెలిసీ, ఈ పిల్ల నోట వింటానని ఒక్కసారీ అనుకోలేదు. నవ్వాడు. నవ్వుతుంటే భుజాలు ఎగిరిపడ్డాయి, నవ్వుతుంటే ముఖమంతా తడిసిపోయింది, ఏది నవ్వో ఏది ఏడుపో పక్కనున్న త్రివేణికి తెలియక గాభరాపడి నీళ్లు తెచ్చింది.

"ఏమంటున్నదయ్యా గా పిల్ల?" అని సాయవ్వ గడప మీంచి లేచింది.

"నన్ను తిడుతున్నదే. నేను సచ్చిన్నాడు వస్తదట. తిట్టనీకె."

సాయవ్వ దగ్గరికి వచ్చి, తెరలోకి వంగి, ఆ నల్లని తడి ముఖాన్ని కాసేపు చూసింది.

"గా దినం దాక ఎందుకు?" అంది. "ఇప్పుడే రమ్మను."

ఆ నాలుగు మాటలను స్వాహిలీలో చెప్పడానికి భోజన్నకు చాలాసేపు పట్టింది.